చేతుల వరకే

దర్శకురాలు కొట్లోకి అడుగుపెట్టేసరికి టైలరు చెంపల నిండా తెల్లటి గడ్డంతో కనిపించాడు. ఆమే పెంచమంది. రోజూ పొద్దున్నే నున్నగా గీసుకుంటే గానీ కొట్టు తలుపు తీయని మనిషిని, వేషం కోసం కొన్నాళ్ళు కత్తి తగలనివ్వొద్దని గట్టిగా చెప్పింది. ఇప్పుడా గడ్డం చూడగానే, దారి పొడుగునా కూర్చుకుంటూ వచ్చిన మాటలన్నీ చెదిరిపోయాయి.

ఆయన మిషను మీదికి వంగి ఒక కోటు చేతికి లోపలి గుడ్డ వేస్తున్నాడు. పెదవులు కదులుతున్నాయి. దగ్గరికి వెళ్ళాక గానీ అవి తను రాసిన మాటలేనని ఆమెకు తెలియలేదు.

"వాడి భుజాలు నాకంటే వెడల్పు. రెండు వైపులా కాస్త లోపలికి తీసుకుంటే సరిపోతుంది..." అంటూ తలెత్తి, ఆమెను చూసి నవ్వాడు. "రా తల్లీ. 'సరిపోతుంది' ముందు కొంచెం ఆగనా, ఒకే ఊపులో చెప్పేయనా?"

"మీ ఇష్టం బాబాయ్," అంది.

ఆమె నోట ఆ మాట ఎప్పుడూ రాదు. ఎక్కడ ఆగాలో, ఎక్కడ ఊపిరి పీల్చుకోవాలో వేలెత్తి మరీ చెబుతుంది. ఆ తేడా ఆయన పట్టేసినట్టున్నాడు, పెడల్ మీద పాదం ఆగిపోయింది.

కొట్టు వెనకవైపు కిటికీ దగ్గర స్టూలు మీద కూర్చుని ఆయన భార్య చొక్కాలకి కాజాలు కుడుతోంది. తల ఎత్తకుండానే, "నిలబడే ఉన్నావేమే, కూర్చో," అంది. "చూశావా మీ బాబాయి అవతారం? వచ్చినవాళ్ళంతా మాస్టారికి ఒంట్లో బాగాలేదా అని అడిగి పోతున్నారు. జవాబు చెప్పలేక చస్తున్నాను."

"చెప్పడానికేం, సినిమాలో హీరో అని చెప్పు," అన్నాడాయన.

"దయ్యం వేషం వేసినప్పుడూ ఇలాగే కోతలు కోశారు. ఆ సినిమా చూసి జడుసుకున్నది నేనొక్కదాన్నే. మిగతావాళ్ళంతా పడీ పడీ నవ్వారు."

మామూలుగా అయితే దర్శకురాలు కూడా నవ్వేది. ఒక్క గదిలో తీసిన ఆ దయ్యం సినిమాకి తెల్లటి అంగీ కుట్టింది ఆయనే, తొడుక్కున్నదీ ఆయనే. పిల్లల సినిమాలో తాతయ్య, కోర్టు సినిమాలో జడ్జి, ఒక్క మాటా లేని సినిమాలో గేటు కాపలావాడు. ఏ సినిమాకైనా కెమెరా పట్టేది, లైటు కట్టేది, చెవులకి ఫోన్లు తగిలించుకుని శబ్దం పట్టేది, ఆ తర్వాత గదిలో తలుపేసుకుని ముక్కలు అతికించేది ఆమె ఒక్కతే. అందుకే ఆయన ఆమెని మంచి హుషారులో ఉన్నప్పుడు అష్టావధానీ అని పిలుస్తాడు.

"బాబాయ్, ఆ వేషం..." అని కాసేపు నీళ్ళు నమిలి, "ఇంకొకాయన వేస్తున్నారు," అంది చివరికి.

ఆయనెవరో కూడా చెప్పింది. గోడల మీదా, బస్సుల మీదా ఎటు చూసినా కనిపించే ముఖం ఆ హీరోది.

భార్య చేతిలో సూది ఆగింది. ఆయన మాత్రం పెడల్ తొక్కి, సగంలో ఉన్న కుట్టుని చివరిదాకా పోనిచ్చాడు. సూది పైకెత్తి, గుడ్డ లాగి, దారం కత్తిరించాడు. కుట్టు తిన్నగా వచ్చిందో లేదో బొటనవేలితో ఒకసారి రాసి చూసుకున్నాడు.

"ఆయన బాగా పొడుగు కదూ?"

"అవును."

"మిషను కింద కాళ్ళెక్కడ పెట్టుకుంటాడు పాపం?"

ఎవరూ నవ్వలేదు.

"నిర్మాత ససేమిరా అన్నారు బాబాయ్. పేరున్న మనిషి లేకపోతే మన సినిమా హాళ్ళదాకా పోదట. నేను చాలా వాదించాను. అలాగైతే నేనూ మానేస్తాను అని..."

"అన్నావా?" అని అడిగింది భార్య. గొంతులో కోపం లేదు, తెలుసుకుందామనే అడిగింది.

దర్శకురాలు కోటు చేతి వంక చూస్తూ ఉండిపోయింది. "అనాలనుకున్నాను పిన్నీ."

"ఎందుకు మానేయడం?" అన్నాడాయన చప్పున. "ఇన్నాళ్ళూ అద్దె గదుల్లో కుర్చీలేసి, గోడకి దుప్పటి కట్టి చూపించావు. ఆ కుర్చీలు మోసినవాణ్ణి నేను కూడా. నీ బొమ్మ పెద్ద తెర మీద చూడాలని నాకుండదా?" అని చెంప గోక్కున్నాడు. "అయితే ఇక ఈ గడ్డం తీసేసుకోవచ్చా?"

ఆయనే మళ్ళీ, "పోనీ, ఉండనీలే. ఆయనకి కుట్టడం నేర్పాలన్నా మనిషి కావాలిగా. ఎలాంటి వేషానికి నేర్పుతున్నానో నాకూ గుర్తుండాలి," అన్నాడు.

* * *

షూటింగు కోసం పాత గోదాములో కొట్టు కట్టారు. అసలు కొట్టుకంటే అదే పాతగా కనిపించింది. గోడలకి చెమ్మ మరకలు పెయింటుతో దిద్దారు. మిషను మాత్రం అసలుదే. టైలరు దగ్గరుండి బండి ఎక్కించి, దింపించి, నేల ఎగుడుదిగుడుగా ఉందని ఒక కాలి కింద అట్టముక్క మడిచి పెట్టాడు.

హీరో చెడ్డవాడు కాదు. గురువుగారూ అని పిలిచాడు, ఆయన నిలబడి ఉంటే తను కూర్చోలేదు, సూదిలో దారం ఎక్కించడం పట్టుదలగా నేర్చుకున్నాడు. కానీ మిషను మాట వినలేదు. చక్రం తను ముందుకి తిప్పబోతే వెనక్కి పోయేది. పాదమూ చెయ్యీ కలిసేవి కావు. గుడ్డని నెట్టేవాడు తప్ప దాని దారిన దాన్ని పోనిచ్చేవాడు కాదు.

"గుడ్డతో గొడవ పెట్టుకోకండి బాబూ," అని నచ్చజెప్పాడు టైలరు. "అదెటు పోతుందో చూస్తూ ఊరికే తోడు వెళ్ళండి."

రెండు పూటలు అలాగే గడిచాయి. కెమెరామన్ పెదవి విరిచాడు. పనివాడి చేతుల్లా లేవు, దగ్గరగా తీస్తే నవ్వులపాలవుతాం అన్నాడు. నిర్మాత దర్శకురాలిని పక్కకి పిలిచి, "దీనికింత బాధెందుకమ్మా? మీ టైలరు గారు ఉన్నారుగా. చేతుల వరకే ఆయనవి తీసేద్దాం. ముఖం ఎలాగూ రాదు," అన్నాడు.

ముఖం చెల్లక ఆమె చాలాసేపు గోదాము వెనక అటూ ఇటూ తిరిగింది. ఏ మాటలతో అడిగినా అది అదే మాట అవుతుంది. లోపలికి వచ్చేసరికి టైలరు మిషనుకి నూనె వేస్తున్నాడు.

"విన్నానులే," అన్నాడు నూనె డబ్బా మూత బిగిస్తూ. "ఏ చొక్కా తొడుక్కోవాలో చెప్పు."

భోజనం క్యారియరు పట్టుకుని అప్పుడే ఆయన భార్య వచ్చింది. షూటింగు చూడాలని ఉతికిన బట్టలు కట్టుకుని, తల నున్నగా దువ్వుకుని వచ్చింది. లోపల చోటు లేదని గేటు దగ్గరివాడు ఆపేశాడు. వరండాలో ఎవరో పెట్టె జరిపిస్తే దాని మీద కూర్చుంది. ఆ వరండాలోనే మేకప్ మనిషి ఆమె భర్త రెండు చేతులూ బల్ల మీద చాపించి, మోచేతుల దాకా తడి స్పాంజితో రంగు పులుముతున్నాడు.

"చేతులకి ఇదేం పూతండీ?"

"హీరోగారిది కొంచెం తేట రంగు, అమ్మా. రెండూ కలవాలి కదా," అన్నాడు మేకప్ మనిషి మర్యాదగానే. ఎడమ చూపుడువేలి గోటి కింద ఎప్పుడో సూది దిగినచోట నల్లటి మచ్చ ఉంది. దాని మీద రెండోసారి అద్దాడు. మచ్చ పోయింది.

ఆమె ఆ వేలి వంకే చూసింది. "పెళ్ళినాడు కూడా ఇంత ముస్తాబు చేయించుకోలేదు ఈయన."

"ముఖానికి ఎలాగూ వద్దన్నారు. చేతులకైనా వేయించుకోనీవే," అన్నాడాయన.

దర్శకురాలు తలుపు దగ్గరే నిలబడి ఇదంతా వింది. ఏదో అనాలని నోరు తెరిచింది. లోపలి నుంచి లైట్లు సిద్ధం మేడమ్ అని కేక వినిపించింది. ఆ కేక పుణ్యమా అని లోపలికి వెళ్ళిపోయింది.

తీయబోయే ఘట్టం చిన్నదే. చచ్చిపోయిన తమ్ముడి చొక్కాని కథలోని టైలరు తన కొలతకి సరిచేసుకుంటాడు. అంతే. ఇంత చిన్న ఘట్టం కోసమే తను ఈ సినిమా మొత్తం రాసుకున్నానని ఆమె ఎవరికీ చెప్పలేదు.

మొదటిసారి ఫ్రేములోకి ఆయన గడ్డం వచ్చింది. కెమెరామన్ ఆపి, "కొంచెం వెనక్కి వాలాలి సార్, కనిపిస్తున్నారు," అన్నాడు. వెనక్కి వాలితే ఆయనకి సూది సరిగ్గా కనిపించదు. టైలరు వీపు కుర్చీకి ఆనించి, గుడ్డని వేళ్ళతో ఒకసారి తడిమి చూసుకుని సరేనన్నట్టు తలూపాడు.

ఆమె యాక్షన్ అంది. మానిటర్లో రెండు చేతులు కదిలాయి. హీరో, నిర్మాత, కెమెరామన్ అందరూ ఆ చిన్న తెర చుట్టూ మూగారు. చేతులు చొక్కాని లోపలిది బయటికి తిప్పాయి. కాలరు పట్టుకుని వెలుగుకి ఎత్తాయి. పక్క కుట్టు వెతికి, బ్లేడు మొనతో దారం తెంపుతూ పోయాయి. మడత పెట్టి గోటితో గీశాయి. ఆ గోటి గీత చప్పుడు ఆమె చెవికి సోకింది, ఎందుకో ఆమె మానిటర్ మీద నుంచి తలెత్తింది.

ఆయన నటిస్తున్నాడు. వెలుగు గుండెల దగ్గరే ఆగిపోయింది. దానికి పైన మసక చీకట్లో ఆయన ముఖం ఆ ఘట్టం మొత్తాన్నీ చేస్తోంది. కాలరు మరోసారి ఎత్తినప్పుడు అక్కడ ఒక బొత్తాం లేదని కనిపెట్టాడు. కనుబొమలు ముడిపడ్డాయి. వీడెప్పుడూ ఇంతే, వెధవ, ఊడిపోతే చెప్పడు అన్నట్టు నోటి పక్క ఒక చిరాకు. నిజంగా తిట్టడానికి పెదవులు విడివడ్డాయి కూడా. అలా విడివడే ఉండిపోయాయి. చిరాకు ముఖం మీద నుంచి పోలేదు, ఎటు పోవాలో తెలియక అక్కడే నిలబడిపోయింది. కింద చేతులు మాత్రం తమ పని తాము చేసుకుపోతున్నాయి.

ఆమె కుడిచెయ్యి తనంతట తనే కంటి దాకా లేచింది. వేళ్ళు లెన్సు లాంటి గుండ్రటి దాన్ని పట్టుకుని తిప్పబోయి గాలిలో ఆగాయి. పట్టుకోవడానికి అక్కడేమీ లేదు. కెమెరా అంత దూరంలో, ఇంకొకరి భుజం దగ్గర, ఆయన గుండెల వంక చూస్తోంది.

"మేడమ్, కట్ చెప్పండి," అన్నాడు కెమెరామన్.

"కట్."

"అబ్బ! ఏం చేతులండీ," అన్నాడు నిర్మాత. హీరో చప్పట్లు కొట్టి, "గురువుగారూ, మీ చేతులే నటించేశాయి," అన్నాడు. ఆ మాటలో వంకర లేదు. తెర మీద కనిపించిందే చెప్పాడు. టైలరు కళ్ళు రెండుసార్లు ఆర్పి, రోజూ ఉండే ముఖంతో లేచి నిలబడ్డాడు.

ఆమె నిర్మాత దగ్గరికి వెళ్ళింది. "ఇంకొక్క టేక్ తీద్దాం. ఈసారి ముఖంతో."

"ముఖంతోనా? ఎవరి ముఖమమ్మా?" ఆయనకి నిజంగానే అర్థం కాలేదు. "తీసి ఏం చేసుకుంటాం? ఎక్కడ పెడతాం?"

ఎక్కడా పెట్టలేమన్నది ఆమెకీ తెలుసు. ఈలోపు లైట్లు జరిపేశారు. కుర్చీ ఎత్తు పెంచారు. హీరో వచ్చి కూర్చుని, అదే చొక్కా ఒళ్ళో పెట్టుకుని తల దించాడు. మెల్లగా కళ్ళ నిండా నీళ్ళు తెచ్చుకున్నాడు.

"బాగుంది," అంది ఆమె. నిజానికి బాగానే ఉంది.

వరండాలో టైలరు భార్య క్యారియరు విప్పి కూర్చుంది. ఆయన సబ్బుతో ఎంత రుద్దినా చేతుల రంగు పూర్తిగా వదల్లేదు. "అయిందా? ఎలా చేశారు?" అని ఆమె అడిగితే, "కుట్టానంతే," అని గిన్నె అందుకున్నాడు.

* * *

షూటింగుకి సెలవిచ్చిన రోజు పొద్దున దర్శకురాలు తన పాత కెమెరా సంచీ భుజాన వేసుకుని కొట్టుకి వచ్చింది. ఆయన గడ్డం గీసేసుకున్నాడు. పరవాలేదంది. మిషను తిరిగి వచ్చి తన చోట ఉంది. మైకుని చీపురు కర్రకి కట్టి బీరువా మీద నిలబెట్టింది. కిటికీ వెలుతురు ఎక్కువగా ఉందని పల్చటి గుడ్డ అడగగానే పిన్ని లైనింగు తాను అందించింది. ఆ పని చేస్తున్నంతసేపూ దర్శకురాలి ఒళ్ళు తేలికైపోయింది. ఎవరినీ పిలవనక్కర్లేదు, ఎవరికీ చెప్పనక్కర్లేదు. తన చెవులకి ఫోన్లు, తన భుజానికి బరువు.

"ఆ రోజు చేసింది చేస్తే చాలు బాబాయ్. ఇది ఎవరి సినిమా కోసమూ కాదు. మన కోసం."

ఆయన ఒక పాత చొక్కా తీసుకుని కూర్చున్నాడు. ఆమె ఎడమ కన్ను మూసి, కుడి కన్ను కెమెరాకి ఆనించింది. ఫ్రేము నిండా ఆయన ముఖం వచ్చింది. యాక్షన్ అంది.

ఆయన చేశాడు. కాలరు ఎత్తాడు. బొత్తాం లేదని కనిపెట్టాడు. కనుబొమలు ముడిపడ్డాయి. ఎక్కడా తప్పులేదు. ఎప్పుడూ చేసినట్టే చేశాడు, శుభ్రంగా, లైటులోంచి బయటికి పోకుండా, మైకుకి అందేలా.

"ఇంకోసారి."

ఇంకోసారి చేశాడు. ఆమె ఫోకస్ సరిచేసుకుంటూ, పెదవి కొరుక్కుంటూ చూసింది. ఈసారి ఆయన చొక్కా ఒళ్ళో పెట్టుకుని మధ్యలోనే ఆపేశాడు.

"వద్దు తల్లీ."

"అలసిపోయారా?"

"లేదు. ఇది రాదు. నీకు కనిపిస్తూనే ఉందిగా."

ఆమె కెమెరా దించలేదు. "ఎందుకు రాదు? నాతో ఎన్ని చేశారు మీరు! రెండో టేక్ అడిగే పని ఉండేదా నాకెప్పుడైనా?"

"అదే మరి," అన్నాడాయన. చెప్పనా వద్దా అన్నట్టు ఒకసారి భార్య వైపు చూశాడు. "నువ్వు ఒక కన్ను మూసుకుని, ఆ బరువు మోస్తూ, చెవుల్లో అవి పెట్టుకుని, కాలితో లైటు జరుపుకుంటూ ఉంటావు. ఆ కష్టం చూస్తూ కూర్చునేవాణ్ణి. అయ్యో, ఈ పిల్లని ఇంకా ఇబ్బంది పెట్టకూడదు, ఒక్కసారిలో సరిగ్గా చేసి లేచిపోవాలి అనుకునేవాణ్ణి. నేను చేసిందంతా అదే తల్లీ. దయ్యమైనా అదే, జడ్జి అయినా అదే. ఇంకో ఆలోచనకి చోటేదీ?"

ఆమె భుజం మీది నుంచి కెమెరా దించింది.

"ఆ రోజు ఎవరూ నన్ను తియ్యట్లేదు," అన్నాడాయన. "మోసేవాళ్ళు వేరే ఉన్నారు, నీ చేతులు ఖాళీ. నా ముఖం ఎవరికీ అక్కర్లేదని తేలిపోయింది. సరే, ఇక నా ఇష్టం కదా అనిపించింది. చేసుకున్నాను. మధ్యలో నువ్వు తలెత్తావు. రెండు కళ్ళతో చూశావు. అది నాకు తెలుసు."

"కానీ అది ఎక్కడా లేదు బాబాయ్. ఎవరికీ కనిపించదు. ఇన్నేళ్ళుగా మీ ముందే ఉన్నాను, ఒక్కసారైనా..."

ఆయన లేచి వచ్చి ఆమె చెవుల నుంచి ఫోన్లు తనే తీసి, తీగ మెలికలు పడకుండా చుట్టి చేతిలో పెట్టాడు. ఇక దాని గురించి మాట్లాడటానికేమీ లేదన్నట్టు బల్ల దగ్గరికి వెళ్ళి, ఎవరిదో ప్యాంటు పరిచి సుద్దతో గీతలు గీయసాగాడు.

ఆమె గుడ్డ విప్పింది. మైకు దించింది. సంచీలో ఒక్కొక్కటే సర్దింది. జిప్పు సగంలో ఇరుక్కుంది.

"ఏమే," అని పిలిచింది పిన్ని కిటికీ దగ్గర నుంచి. "ఆయన్నడిగితే కుట్టానంతే అంటాడు. నన్నా గేటువాడు లోపలికి రానివ్వలేదు. ఇంతకీ అక్కడేం చేశాడో నాకు చెప్పేవాళ్ళే లేరా?"

"నేను..." అని ఆగిపోయింది దర్శకురాలు. కథ చెప్పమని ఎవరడిగినా తీసి చూపిస్తాను అనేది తప్ప నోటితో చెప్పడం ఆమెకి ఎప్పుడూ చేతకాలేదు. ఇప్పుడు చూపించడానికేమీ లేదు. సంచీ అక్కడే వదిలేసి వెళ్ళి స్టూలు పక్కన నేల మీద కూర్చుంది.

"కాలరు పైకెత్తి చూశాడు పిన్నీ. ఒక బొత్తాం లేదు."

"ఊఁ. ఏడ్చాడా?"

"లేదు. చిరాకుపడ్డాడు."

"చిరాకా?"

"తమ్ముడి మీద. ఊడిపోతే చెప్పొచ్చు కదా, కుట్టి ఇచ్చేవాణ్ణిగా అని. తిడదామని నోరు తెరిచాడు. అప్పుడు గుర్తొచ్చింది, వినడానికి వాడు లేడని. నోరు అలా తెరిచే ఉంది. చేతులు ఆగలేదు. తర్వాత ఆ భుజాల మాట ఉంది చూడు, అది పైకి వినబడకుండా పెదవులతోనే చెప్పుకున్నాడు. రెండు వైపులా కాస్త లోపలికి తీసుకుంటే, అన్నాడు. 'సరిపోతుంది' అనలేదు. అక్కడ ఆగిపోయాడు. అనబోయి, మింగేసి, ఆ చొక్కాని ఇలా..." ఆమె తన ఒళ్ళో లేని చొక్కాని రెండు చేతులతో నెమ్మదిగా మడిచి, దాని మీద అరచెయ్యి ఆనించింది. "పసిపిల్లాణ్ణి జోకొడతారే, అలా ఒకే ఒక్కసారి తట్టాడు. ఆ తట్టడం ఫ్రేముకి పక్కగా పోయింది. అదీ పడలేదు."

పిన్ని సూదిని గుడ్డకి గుచ్చి పక్కన పెట్టింది. కళ్ళు తుడుచుకోలేదు, అలాగే వదిలేసింది. బల్ల దగ్గర సుద్ద చప్పుడు ఎప్పుడో ఆగిపోయింది. ఆయన వీపు ఇటు తిప్పి, గోడ వైపు చూస్తూ నిలబడి ఉన్నాడు.

"మళ్ళీ చెప్పు," అంది పిన్ని. "మొదట్నుంచీ. నిదానంగా."

దర్శకురాలు కాళ్ళు మడుచుకుని ఇంకాస్త దగ్గరికి జరిగింది. ఈసారి ఏదీ వదలకూడదనుకుంటూ, చొక్కాని లోపలిది బయటికి తిప్పడం దగ్గర నుంచి మొదలుపెట్టింది.